నా తిట్టు వెనక్కి తెచ్చుకోవడానికి మోతనాడు పోయొచ్చిన రోజు

నా పేరు ఓబుళమ్మ. వయసు డెబ్బై రెండు. ఆధార్ కార్డులో డెబ్బై ఆరని ఉంది, అది ఆ కార్డు రాసినవాళ్ల లెక్క, నాది కాదు. మాది లింగాల నుంచి పులివెందులకు పోయే దారి పక్క పల్లె. ఇంట్లో నలుగురం: నేను, నా తోడికోడలు రాములమ్మ, నా కొడుకు చిన్నయ్య, కోడలు సుజాత. మా ఇద్దరి మొగుళ్లు అన్నదమ్ములు, ఇద్దరూ పోయారు. రాములమ్మకు పిల్లలు లేరు. నా కొడుకు ఆమెను చిన్నమ్మ అంటాడు, నా మాట కంటే ఆమె మాటే ఎక్కువ వింటాడు. నాకు చదువు రాదు. నేను చెబుతుంటే సుజాత ఫోనులో రాస్తోంది. తను ఊళ్లు తిరిగి వచ్చినప్పుడల్లా రాసి పెట్టే చోటే ఇదీ పెడతానంది. నా యాసను పుస్తకాల భాషలోకి దిద్దుకోమన్నాను కానీ, ఎవరు ఏమన్నారో ఆ మాటలు మాత్రం అన్నవి అన్నట్టే ఉంచమన్నాను. ప్రతి ముక్కా నాకు చదివి వినిపించాకే ముందుకు పోతున్నాం.

గండికోట లోయ అవతల మోతనాడు అని ఒక సీమ ఉందనీ, అక్కడ చప్పుడే మన్నూ రాయీ అవుతుందనీ, పాడితే గోడ లేస్తుందనీ, ఊరుకుంటే కూలుతుందనీ జమ్మలమడుగు వైపువాళ్లు చెప్పుకోవడం నేను చిన్నప్పటి నుంచీ వింటున్నదే. పనిలేనివాళ్ల కబుర్లనుకునేదాన్ని. పోయిన కార్తీకంలో వనభోజనాలకని మేమందరం గండికోట పోయాం. కోట చూసి, లోయ అంచున ఒక పెద్ద బండ మీద కూర్చుని అన్నం మూటలు విప్పాం. చిత్రాన్నం నేను కలిపాను. రాములమ్మ మొదటి ముద్దకే మొహం పెట్టింది. ఉప్పెక్కువైందని ఒకసారి అంటే సరే, మూడుసార్లు అంది. ఆ మీదట, కమలాపురంలో వాళ్ల తమ్ముడి భార్య చిత్రాన్నం ఎట్లా కలుపుతుందో మొదలుపెట్టింది. "ఈసారి కమలాపురం పోతే ఆన్నే ఉండిపోతానక్కా. నోటికి రుచైనా తగుల్తాది" అంది.

"నీ నోరు పడిపోను. మింగి కూచో మే" అన్నాను నేను.

మా వైపు ఇది తిట్టే కాదు. పొద్దున లేచి పొయ్యి అంటించేలోపల ఇలాంటివి పది అనుకుంటాం. కానీ ఆ రోజు లోయ నా మాటను తిరిగి అంది. ఒకసారి, రెండుసార్లు, మూడుసార్లు. మూడోసారి వచ్చిన గొంతు నాది కాదు, ఎవరో కాగితం చూసి చదివినట్టుగా ఉంది. రాములమ్మ నాకు బదులు చెప్పడానికి నోరు తెరిచింది. ఏమీ రాలేదు. ఆటలాడుతోందనుకుని నవ్వాను. ఇంటికి చేరేదాకా నవ్వుతూనే ఉన్నాను, ఆ సంగతి ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది.

ప్రొద్దుటూరులో గొంతు డాక్టరుకు చూపించాం. ముక్కులోంచి సన్నటి గొట్టం పోనిచ్చి చూసి, గొంతులో తప్పేమీ లేదన్నాడు. నెల గడిచింది, రెండు నెలలు గడిచాయి. రాములమ్మకు నాతో పనిపడితే కంచం మీద గరిటెతో కొట్టి పిలిచేది, రెండుసార్లు గట్టిగా, ఒకసారి మెల్లగా. ఆ చప్పుడు వింటే మొదట్లో నాకు ఒళ్లు మండేది. వాళ్ల తమ్ముడు కమలాపురం నుంచి వచ్చి వాకిట్లో నిలబడి, మా యక్కకు ఏం పెట్టినావు అని అడిగాడు. చేతబడి అనే మాట కూడా వాడాడు. నలభై ఎనిమిదేళ్లు ఒకే పొయ్యి దగ్గర బతికిన మనిషికి నేను చేతబడి చేశానట. పుష్య అమావాస్య మరునాడు బండి తెచ్చి అక్కను తీసుకుపోతాననీ, ఇక ఈ ఇంటి గడప తొక్కనివ్వననీ చెప్పి పోయాడు. పోతావా, ఉంటావా అని అడిగితే చెప్పడానికి రాములమ్మకు నోరు లేదు. రాయడం ఇద్దరికీ రాదు. తల ఊపుతుందేమోనని చూశాను. నేల చూసింది.

నా కొడుకు జమ్మలమడుగులో అడగ్గా అడగ్గా మస్తాన్ అనే ఆటో డ్రైవరు దొరికాడు. మోతనాడుకు మనుషుల్ని తీసుకుపోయి తీసుకువచ్చేది అతనే. ఆ మాట ఏ బండ మీద అన్నారని ఫోనులోనే అడిగాడట. చెబితే, "అది మోతనాడు పొలిమేర బండప్పా. ఆడ ఏమన్నా లోపల కచేరీలో జమ అయిపోతాది. మూడు అమావాస్యలు దాటితే మాట సున్నం మాదిరి గట్టిపడతాది, ఆ మీదట ఎవురూ తీయలేరు" అన్నాడట. అన్న మనిషీ, పడిన మనిషీ ఇద్దరూ రావాలన్నాడు. లెక్క చూసుకుంటే రెండు అమావాస్యలు దాటిపోయాయి. మూడోది ఎల్లుండి. నేను నమ్మానని చెప్పను. కానీ చేయడానికి ఇంకేమీ మిగల్లేదు.

మరునాడు పొద్దున ఆరింటికి మా ఊరి ముందర బస్సెక్కాం, నేనూ రాములమ్మా ఇద్దరమే. సుజాత జొన్నరొట్టెలూ చెనక్కాయల ఊరుబిండి పచ్చడీ కట్టిచ్చింది. పల్లెవెలుగులో ఆధార్ కార్డు చూపిస్తే ఆడవాళ్లకు టికెట్టు లేదు, కాబట్టి కార్డు మరవొద్దు. పులివెందుల బస్టాండులో టీ తాగి, ఏడుంపావుకు జమ్మలమడుగు బస్సు పట్టుకున్నాం. ముద్దనూరు మీదుగా పోతుంది, రెండు గంటలు పడుతుంది. కుడివైపు కిటికీ దగ్గర కూర్చోకండి, ఎండ నేరుగా మొహం మీద కొడుతుంది. పులివెందుల దాటేదాకా చీనీ తోటలు, అరటి తోటలు. ముద్దనూరు దాటాక నల్లరేగడి, కోతకొచ్చిన శనగ. నలభై ఎనిమిదేళ్లలో మేమిద్దరం పక్కపక్కన కూర్చుని అంత దూరం మాట్లాడకుండా పోవడం అదే మొదటిసారి. నేను ఒక్కదాన్నే మాట్లాడి మాట్లాడి, బదులు రాక, ముద్దనూరుకే అలిసిపోయాను. అప్పటిదాకా నేననుకునేది, ఆ ఇంట్లో వాగేది ఆమె, వినేది నేను అని.

జమ్మలమడుగులో తొమ్మిదిన్నరకు దిగాం. మస్తాన్ నలభై ఏళ్లవాడు, సన్నగా, మెడలో తువ్వాలుతో ఉన్నాడు. పోను, రాను, ఆగినంతసేపూ కలిపి వెయ్యి రూపాయలన్నాడు. బేరమాడితే ఎనిమిది వందలకు దిగాడు, మీకూ దిగుతాడు. "లోపల మాత్రం దుడ్లు చెల్లవవ్వా. ఆడ చప్పుడే దుడ్లు" అన్నాడు. తరవాత జేబులోంచి ఒక వక్క తీసి నా చేతిలో పెట్టాడు. "ఇది బుగ్గన పెట్టుకో. నమలాకు. నోట్లో వక్క ఉంటే, తిట్టు నాలిక్కొసకు వచ్చేలోపల మనిషికి ఒక గడియ దొరుకుతాది. ఆడ నువ్వేమంటే అది అయిపోతాది, తెల్సుకో."

"నా నోటికి తాళమేసేటోడివా నువ్వు?" అన్నాను.

"నీ నోటికి తాళమేసేటోడు ఇంగా పుట్టలేదని మీ అబ్బోడు ఫోన్లోనే చెప్పినాడులే అవ్వా" అన్నాడు. రాములమ్మ భుజాలు కదిలాయి. చప్పుడు లేకుండా నవ్వడం ఆమె ఈ మూడు నెలల్లోనే నేర్చుకుంది.

జమ్మలమడుగు నుంచి గండికోటకు ఆటోలో ముప్పావుగంట. కోట దారి వదిలి ఎడమకు, లోయ అంచున మట్టిదారి పట్టించాడు. పదిన్నరకు మేము భోజనాలు చేసిన ఆ బండ దగ్గర ఉన్నాం. మస్తాన్ ఇంజను ఆపకుండానే మూడుసార్లు హారను కొట్టాడు. లోయ మొదటిసారి హారనే తిరిగి ఇచ్చింది, రెండోసారీ హారనే. మూడోసారి సన్నాయి వచ్చింది. అది వచ్చిన వైపు, గాలిలో, నాపరాయి రంగులో ఒక దారి పరుచుకుంది. మస్తాన్ ఆటోను దాని మీదికి ఎక్కించాడు. కింద పెన్న కనిపిస్తోంది, తాడులాగా. చూస్తే, మా ఇంజను మోత ఎంతవరకు వినిపిస్తుందో అంతవరకే దారి ఉంది, వెనక ఎప్పటికప్పుడు మాసిపోతోంది. ఇంజను ఆగితే ఏం గతి అని అడిగాను.

"ఆగదు."

"ఆగితే?"

"ఆగితే పాడాల అవ్వా. పోయినేడు ఒక పెండ్లోళ్ల బండి ఆగిపోయింటే, అందరూ కలిసి మంగళహారతులు పాడుకుంటా బయటపడినారు. ఒకాయనకు పాట రాక బస్సు పేర్లు అరిచినాడంట. అయినా దారి పడింది, రోంత గతుకులుగా."

ఒక పది నిమిషాలకు అవతల గట్టు చేరాం. అక్కడ గేటుంది. గేటు దగ్గర ఒక ముసలాయన మనిషికొక చప్పుడు అడుగుతాడు, అదే లోపలికి టికెట్టు. మస్తాన్ నాలుకతో పీర్ల పండగ తప్పెట కొట్టి చూపించాడు. నాకు పాట రాదు, మేతకు పోయిన ఎనుములను ఇంటికి పిలిచే కేక ఒకటి వేశాను. ముసలాయన తృప్తిగా తల ఊపి, రాములమ్మ వైపు తిరిగాడు. గొంతే లేని మనిషి ఏమిస్తుంది? రాములమ్మ తడుముకోకుండా రొట్టెల డబ్బా మూత తీసి, గాజుల చేత్తో కొట్టింది. రెండుసార్లు గట్టిగా, ఒకసారి మెల్లగా. ముసలాయన కళ్లు మూసుకుని విని, ఇదేం చప్పుడమ్మా, నేనెప్పుడూ వినలేదు అన్నాడు. "అది నన్ను పిల్చే చప్పుడు" అన్నాను. ఇంత మంచి టికెట్టు ఈ నెలలో రాలేదని, గేటు రెండు రెక్కలూ తెరిచాడు.

మోతనాడు ఎట్లా ఉంటుందని అందరూ అడుగుతారు. మన ఊరిలాగే ఉంటుంది, కాకపోతే ఏదీ ఊరికే నిలబడి ఉండదు. కొత్తగా లేచిన గోడ పక్కన ఒకామె కూర్చుని జోలపాట పాడుతోంది, పచ్చిగోడ బీటలు వారకుండా. ఒక తోటలో బావి గట్టున ఒకాయన, ఎద్దులూ లేవు, మోటరూ లేదు, మా నాయన కపిలి తోలుతూ పాడినట్టు పాడుతున్నాడు. పాట కింది స్వరానికి దిగినప్పుడల్లా బావిలో నీళ్లు ఒక జాన పైకి వస్తున్నాయి. మా లింగాల వైపు ఎనిమిది వందల అడుగులు వేసినా బోర్లు పడవు. ఆ పాట నేర్చుకుపోదామని ఆటో ఆపమన్నాను. "పొలిమేర దాటితే అది ఉత్త పాటే అవ్వా. శానామంది ఎత్తుకపోయి చూసినారు" అన్నాడు మస్తాన్. మనుషులు మాత్రం చాలా తక్కువ మాట్లాడతారు, అదీ నెమ్మదిగా. గట్టిగా దగ్గేవాళ్లు గోడలకు దూరంగా జరిగి దగ్గుతారు.

పన్నెండింటికి ఒక పూటకూళ్లామె దగ్గర ఆగాం. కట్టెలు లేవు, కుండ ముందు కూర్చుని ముక్కుతో రాగం తీస్తుంది, కుండ ఉడుకుతుంది. రాగిసంగటి, గోంగూర పప్పు. ఉప్పు డబ్బా ఎక్కడా కనపడకపోతే అడిగాను. ఉప్పు వేయరట, పాటలోనే పడుతుందట. గొంతు కాస్త పైకి పోతే కూర ఉప్పు కషాయమవుతుందని ఆమె చెప్పింది. "విన్నావా మే? తప్పు నాది కాదు, పాటది" అన్నాను రాములమ్మతో. ఆమె చేతి సైగతో, పాడింది ఎవరు అని అడిగింది. భోజనానికి ధర ఏమిటంటే, తిన్నాక గట్టిగా త్రేన్చాలి. అంతే. రాములమ్మ వంతు కూడా నేనే త్రేన్చాను. ఇంటి నుంచి తెచ్చుకున్న రొట్టెలు మిగిలిపోయాయి, కాబట్టి మీరు మోసుకుపోనవసరం లేదు.

కచేరీ మధ్యాహ్నం ఒంటిగంటకు తెరిచి నాలుగింటికి మూస్తారు. అక్కడ పాట కచేరీ అన్నా, తాలూకా కచేరీ అన్నా ఒకటే భవనం. లోపల గోడ పొడుగునా వందల బానలు, వాటి మూతులకు గుడ్డలు కట్టి ఉన్నాయి. పొలిమేరలో పడిన ప్రతి మాటా ఒక బానలో ఉంటుందట. అధికారిని వినికిడిదారు అంటారు. యాభై ఏళ్ల ఆడమనిషి, చెవులకు కమ్మలు కూడా లేవు. నాకు ఒక పీట చూపించింది. పీట ఎత్తు చూసుకోక నా మోకాలు తగిలింది. వక్కను అన్నం ముందు ఉమ్మేసిన సంగతి మరిచాను. "దీని కాళ్లిరగ" అన్నాను.

పీట నాలుగు కాళ్లూ ఒకేసారి విరిగాయి. నేల మీద కూలబడ్డాను. కచేరీలో ఎవరూ నవ్వలేదు, ఒక గుమాస్తా మాత్రం వచ్చి, విరిగిన కాళ్ల పక్కన కూర్చుని, వాటిని అతికించే పాట మొదలుపెట్టాడు. మస్తాన్ ఇంకో వక్క ఇచ్చాడు. కింద కూర్చునే నేను రాములమ్మ మొహం చూశాను. ఆమె నవ్వడం లేదు. నా తిట్టుకు ఇక్కడ ఎంత బలముందో ఆమె కళ్లతో చూసింది. నేనూ చూశాను. అప్పటిదాకా అందరితో ఊరికే అన్నానమ్మా, ఊరికే అన్నాను అని చెబుతూ వచ్చిన మనిషిని, ఆ మాట ఇక నోటికి రాలేదు.

వినికిడిదారు ఒక బాన తెప్పించి గుడ్డ విప్పింది. నా గొంతే. "నీ నోరు పడిపోను. మింగి కూచో మే." మాట నాదేనా అని అడిగింది. నాదే అన్నాను. తప్పయిందన్నాను. చెంపలు వేసుకున్నాను. మా పక్క ఇది తిట్టు కాదనీ, దూడను కూడా ఇట్లాగే అంటామనీ, దాని మీద ప్రేముంటేనే అంటామనీ చెప్పాను. బాన కదలలేదు.

"ఇక్కడ మేము మాటకు అర్థం చూడమమ్మా, మోత చూస్తాం" అంది ఆమె. బానకు చెవి ఆనించి, ఆ మాటను మళ్లీ వినిపించింది, ఈసారి చాలా మెల్లగా, సాగదీసి. అట్లా సాగితే మాటలు మాటల్లా లేవు, ఉత్త గొంతే మిగిలింది. నా గొంతును నేను అట్లా ఎప్పుడూ వినలేదు. అది కోపంగా లేదు. ఊరి చివర దాకా పోయి, తప్పిపోయిన ఎనుమును పిలిచినప్పుడు ఉంటుందే, అట్లా ఉంది.

"దీంట్లో కోపం లేదు, భయం ఉంది. ఈ మాటకు ముందు ఆమె ఏమంది?" అని అడిగింది.

ఉప్పెక్కువైందనింది అన్నాను. ఆ తరవాత? అని అడిగింది. కమలాపురం సంగతి చెప్పాల్సి వచ్చింది. ఆన్నే ఉండిపోతానందని చెప్పాను. వినికిడిదారు, అయితే ఆ మాట కింద ఇంకో మాట ఉందనీ, దాన్ని ఎప్పుడూ బయటికి అనలేదు గనక అది తిట్టు వేసుకుని వచ్చిందనీ, ఆ లోపలి మాట పైకి అంటేనే ఈ పైమాట కరుగుతుందనీ చెప్పింది. రేపు అమావాస్య అని కూడా గుర్తుచేసింది.

అది ఏ మాటో నాకు తెలుసు. కానీ నలభై ఎనిమిదేళ్లలో మేము అట్లాంటివి అనుకోలేదు. జ్వరం వస్తే చావలేదా ఇంకా అని అడిగి కషాయం ఇస్తాం, అంతే. ఎదురుగా మస్తాన్ ఉన్నాడు, గుమాస్తా ఉన్నాడు. వాళ్లను బయటికి పొమ్మన్నాను. సాక్షులు లేకుండా కుదరదంది ఆమె. సరే, ఒక్క ఊపులో అనేద్దామని, వక్క తీసి చేతిలో పెట్టుకుని, "పోవాకు మే" అన్నాను.

రాములమ్మ కాళ్లు నేలకు అంటుకుపోయాయి. చెప్పులతో సహా. ఆమె వంగి కాళ్లు లాక్కుంటోంది, రావడం లేదు. నా వైపు చూసిన చూపు నేను చచ్చేదాకా మరవను. వినికిడిదారు గబగబా చిటికెలు వేసి ఆ మాటను గాలిలోనే తుంచేసింది. కాళ్లు వదిలాయి. "అది ఆమెకు వేసిన కట్టుబాటు. ఆమె నోరు కట్టావు, ఇప్పుడు కాళ్లు కట్టబోయావు. ఆమె గురించి కాదు, నీ గురించి చెప్పు" అంది. ఆమె గొంతు అప్పటిదాకా ఎంత నెమ్మదిగా ఉందో అప్పుడూ అంతే నెమ్మదిగా ఉంది, కానీ నేను మాత్రం చెంపదెబ్బ తిన్నట్టయ్యాను.

అతుకు పడిన పీట మీద చాలాసేపు కూర్చున్నాను. నా గురించి చెప్పడానికి నాకు ఏం మాటలున్నాయి? పొద్దున బస్సులో ముద్దనూరు దాకా ఒక్కదాన్నే మాట్లాడి అలిసిపోయింది గుర్తొచ్చింది. కంచం చప్పుడు కోసం వంటింట్లో చెవి పెట్టుకుని కూర్చున్న పూటలు గుర్తొచ్చాయి. ఎల్లుండి వాళ్ల తమ్ముడు బండి తెస్తాడు. రాములమ్మ నేల చూస్తూ ఎక్కుతుంది. ఆ కంచం చప్పుడు కూడా ఉండదు.

"నువ్వు లేకుంటే నాకు తోచదు మే" అన్నాను.

అంతే అన్నాను. పెద్ద మాటేం కాదు. బాన ఒక్కసారి మోగింది, గుడిగంటలాగా కాదు, కంచం మీద గరిటె పడినట్టు. అందులో ఏమీ మిగల్లేదని వినికిడిదారు బోర్లించి చూపించింది. రాములమ్మ గొంతు సవరించుకుంది. ఆ చప్పుడు విని మూడు నెలలైంది.

"ఈ మాట అనడానికి నీకు నలభై ఎనిమిదేండ్లు పట్టిందా? నీ నోట్లో మన్ను పొయ్య..."

వినికిడిదారూ, మస్తానూ, గుమాస్తా ముగ్గురూ ఒకేసారి ఆమె నోరు మూయడానికి ఎగబడ్డారు. మస్తాన్ చెయ్యి ముందు చేరింది. అయినా కొంచెం ఆలస్యమైంది. నా నోట్లో చిటికెడు మన్ను పడింది. మా చేని మన్నే, నల్లది. కచేరీ బయటికి వచ్చి ఉమ్మాను, నీళ్లు పుక్కిలించాను, ఇంకా గరగరలాడుతూనే ఉంది. అట్లా ఉమ్ముతూ ఉమ్ముతూ, అరుగు మీద కూలబడి ఏడ్చాను. రాములమ్మ వచ్చి పక్కన కూర్చుంది. బుగ్గన వక్క పెట్టుకుని ఉంది, మస్తాన్ ఆమెకూ ఒకటి ఇచ్చాడు. "ఉప్పు కంటే మేలేనా?" అని అడిగింది.

మూడున్నరకు తిరుగు దారి పట్టాం. దారి పొడుగునా రాములమ్మ మాట్లాడుతూనే ఉంది. ఇంజను మోతకు ఆమె మోత తోడై, దారి పొద్దున్నకంటే రెండింతలు వెడల్పుగా పడిందని మస్తాన్ అన్నాడు. జమ్మలమడుగు బస్టాండులో అతని ఫోనులోనే తమ్ముడికి ఫోను చేసింది. మూడు నెలల మాటలు మూటగట్టి ఉంచుకున్నట్టుంది. మాట పోయినంక తీసుకుపోవడానికి బండి తెస్తాండావే, మాట ఉన్నప్పుడు ఒక్కనాడైనా రమ్మని పిల్చినావా అని అడిగింది. చేతబడి అన్నందుకు విడిగా ఇంకో పది నిమిషాలు పెట్టింది. చివర్న, వస్తాను, పది రోజులు చుట్టం మాదిరి ఉండి వస్తాను అంది. నేను పక్కనే ఉన్నాను. ఏమీ అనలేదు. అయిదున్నర బస్సు దొరికింది, పులివెందులలో మా కొడుకు వచ్చి ఉన్నాడు. "చిన్నయ్యా" అని ఆమె పిలిస్తే, వాడు బండి తాళాలు కింద పడేసుకున్నాడు.

అన్నట్టుగానే కమలాపురం పోయింది. పది రోజులని పోయి నాలుగోనాడు మధ్యాహ్నమే సంచితో దిగింది. అప్పుడే వచ్చినావేమే అని అడిగాను. "ఆడ తోచలా" అంది. చెంబు తీసుకుని కాళ్లు కడుక్కోవడానికి పోయింది.

ఆ రోజు నుంచి నా నోరు మారిందని సుజాత రాయబోయింది, వద్దన్నాను. అబద్ధం ఎందుకు? మారలేదు. పొద్దున పొయ్యి అంటించేలోపల పది తిట్లు అనుకుంటూనే ఉన్నాం. కాకపోతే ఇప్పుడు నాకు ఒక సంగతి తెలుసు, ప్రతి తిట్టు కిందా ఏముందో ఒకసారి బానలో విన్నాను. అది చాలా బరువు దించింది. మా ఊళ్లో ఏ మాటా గోడను లేపదు, ఏ మాటా ఎవరి కాళ్లూ కట్టదు, ఇక్కడ అన్నది గాలికి పోతుంది. దానికి నేను రోజూ దణ్ణం పెట్టుకుంటున్నాను. కానీ గాలికి పోతుంది గదా అని, అనాల్సిన ఒక్క మాటను కూడా అనకుండా నలభై ఎనిమిదేళ్లు ఉంచుకున్నాను. రాములమ్మ గొంతు నాకు దొరికింది కాబట్టి సరిపోయింది.

పోవాలనుకునేవాళ్లకు నేను చెప్పేది ఒకటే. మనిషికి రెండు వక్కలు తీసుకుపోండి, ఒకటి కాదు. అన్నం తినేటప్పుడు మొదటిది ఉమ్మేస్తారు, కచేరీలో రెండోది కావాలి.

పైన చెప్పిందంతా నేను చెప్పిందే, చదివించుకుని విన్నాను, నిజమని ఒప్పుకుంటూ కాగితం మీద ఎడమ బొటనవేలు వేశాను. దాని ఫొటో సుజాత కింద పెట్టింది.

ఓబుళమ్మ నిశాని

సాక్షులు:
మస్తాన్, ఆటో డ్రైవరు, జమ్మలమడుగు
రాములమ్మ, తోడికోడలు, వేలిముద్ర. (అంతా నిజమే, ఉప్పు మాత్రం ఎక్కువే అయిందని కూడా రాయమంటే రాశాను. రాసినది: సుజాత.)